సహాయ పాత్రలు వేసే నటులు దశాబ్దాల పాటు ఎలా నిలబడగలుగుతారు?

హీరోలుగా వచ్చినవారిలో చాలామంది పదేళ్లకే కనుమరుగవుతుండగా తండ్రి, మామ, తాతయ్య వేషాలు వేసేవారు సినిమాల్లోనూ సీరియళ్లలోనూ నలభై ఏళ్లు ఎలా కొనసాగుతారని మీరు అడిగారు. నేను హైదరాబాదులో తొమ్మిదేళ్లు టీవీ సీరియళ్లకు సహాయ దర్శకుడిగా పనిచేశాను కనుక, దగ్గరగా చూసినదాన్ని బట్టి సమాధానం చెబుతాను.

మొదటి కారణం, వీరు వయసును ముందుగానే ఒప్పుకోవడం. గుమ్మడి వెంకటేశ్వరరావు గారు 1927లో పుట్టారు. 1955లో విడుదలైన ‘అర్ధాంగి’లో జమీందారు వేషం వేసేనాటికి ఆయనకు ఇరవై ఎనిమిదేళ్లు కూడా నిండలేదు. అందులో ఆయనకు కొడుకుగా నటించిన అక్కినేని నాగేశ్వరరావు గారు ఆయనకంటే పెద్దవారు, భార్యగా నటించిన శాంతకుమారి గారు ఏడేళ్లు పెద్ద. 1962లో ‘మహామంత్రి తిమ్మరుసు’లో ఆయన వృద్ధ మంత్రి అయితే, శ్రీకృష్ణదేవరాయలుగా నటించిన ఎన్.టి. రామారావు గారు ఆయనకంటే నాలుగేళ్లు ముందు పుట్టినవారు. ముప్పై అయిదేళ్లకే నెరిసిన గడ్డంతో ప్రేక్షకుల మనసులో కూర్చున్న మనిషికి నిజంగా జుట్టు నెరిస్తే పోయేది ఏముంటుంది? హీరోకు శత్రువైన వయసు ఈయనకు పెట్టుబడి అయింది. అయితే ఆ వయసులో ముసలి వేషానికి సరేననడం తేలిక కాదు, కథానాయకుడు కావాలన్న ఆశను అక్కడే వదులుకోవాలి. నాకు ఆయనపై ఉన్న గౌరవంలో సగం ఆ నిర్ణయానికే చెందుతుంది.

రెండవది, నా దృష్టిలో అసలైనది, ఎదుటి నటుడి మాట వినడం. సీరియళ్లలో రోజుకు తీయవలసిన సీన్లు ఎక్కువ కాబట్టి, కెమెరా పక్కన నిలబడి సహాయ దర్శకుడు డైలాగు అందిస్తుంటే నటులు దాన్నే తిరిగి చెబుతారు. నేను ఆ ప్రాంప్టింగ్ వేల సార్లు చేశాను. మా సీరియల్‌లో తాతయ్య పాత్ర వేసిన పెద్దాయన ఒకరు, నాటకరంగం నుంచి వచ్చినవారు, నా ప్రాంప్టింగ్ అక్కరలేదని మొదటి రోజే సున్నితంగా చెప్పి, సీను కాగితం మాత్రం ముందుగా ఇవ్వమని అడిగారు. తన క్లోజప్ అయిపోగానే చాలామంది కుర్చీలోకి వెళ్లిపోతారు, ఎదుటివారి క్లోజప్‌కు మాట అందించేది మేమే. ఆయన మాత్రం కదిలేవారు కాదు. మనవరాలి పాత్ర వేసిన అమ్మాయికి ఏడుపు సీను ఉన్న రోజున, కెమెరాకు ఆనుకుని, ఫ్రేములో తాను లేకపోయినా, చేతికర్ర పట్టుకునే, అదే గొంతుతో, ఆరు టేకులకూ తన డైలాగు పూర్తిగా చెప్పారు. ఆరవ టేకులో ఆ అమ్మాయికి గ్లిజరిన్ అవసరం రాలేదు. అటువంటి మనిషి పక్కన ఉంటే తమ నటన మెరుగవుతుందని తోటి నటులకు తెలుస్తుంది, సమయం కలిసివస్తుందని దర్శకుడికి తెలుస్తుంది. తరువాతి సీరియల్‌కు పిలుపు అక్కడి నుంచే వస్తుంది.

డబ్బు విషయం ఇంత అందంగా ఉండదు. మా దగ్గర వీరిలో చాలామందికి రోజుకింత అని పారితోషికం, నెలలో ఎనిమిదో పదో రోజులు పని. కథలో పాత్ర చనిపోతే ఆదాయం కూడా ఆ ఎపిసోడ్‌తోనే ఆగిపోతుంది. నేను పనిచేసిన ఒక సీరియల్ మధ్యలో ఆగినప్పుడు అందరికీ నాలుగు నెలల బాకీ మిగిలింది. పెద్దాయనకు కూడా అది అందలేదు. అందువల్ల వీరు ఒకే పనిపై ఆధారపడరు. డబ్బింగ్ చెబుతారు, నాటకాలు ఆడతారు, చిన్న సినిమాలో రెండు రోజుల వేషమైనా కాదనరు. బయటినుంచి చూసేవారికి నలభై ఏళ్ల నిరంతర ప్రయాణంగా కనిపించేదాంట్లో పని లేని నెలలు ఎన్నో కలిసి ఉంటాయి.

ఆ పెద్దాయనకు మా సీరియల్‌లో చివరి రోజున ఒక్క డైలాగు కూడా లేదు, మంచం మీద పడుకుని కొడుకు మాటలు వినాలి అంతే. అయినా ఉదయం మేకప్ కుర్చీలో కూర్చుని, ‘కొడుకు ఏం మాట్లాడతాడో ఆ కాగితం ఇవ్వు బాబూ’ అని అడిగి తీసుకున్నారు.