పాడుకున్న చీటీ సొంత పొదుపు కాదు

ప్రశ్న: మాది హైదరాబాద్‌లోని కూకట్‌పల్లి. నా వయసు 37. ఒక సాఫ్ట్‌వేర్ సంస్థలో పని చేస్తున్నాను. నెలకు చేతికి ₹1,15,000 వస్తుంది. ఫ్లాటు వాయిదా ₹36,500, ఇంటి ఖర్చు ₹32,000, ఏడేళ్ల పాప బడికి ₹8,000, గుంటూరులో ఉంటున్న అమ్మకు ₹5,000, చీటీకి సుమారు ₹8,500 పోతాయి. పొదుపు ఖాతాలో ₹60,000 ఉంది. మా పదో పెళ్లిరోజు సందర్భంగా దసరా సెలవుల్లో ముగ్గురం పోర్చుగల్ రాజధాని లిస్బన్‌కు వెళ్లి ఆరు రాత్రులు ఉండి రావాలనుకుంటున్నాం. ₹4,40,000 ఖర్చవుతుందని అంచనా. 50 నెలల ₹5 లక్షల చీటీలో ఈ నెలతో 18 వాయిదాలు పూర్తవుతాయి. ₹1,40,000 తగ్గింపుకు పాడుకుంటే ₹3,60,000 చేతికొస్తుంది, దాన్ని ఖాతాలో వేసి వీసాకు దరఖాస్తు చేస్తాం. మిగిలిన ₹80,000 క్రెడిట్ కార్డు మీద 12 నెలల వాయిదాలుగా మార్చుకుంటాను. ష్యూరిటీ సంతకం పెట్టడానికి ఉపాధ్యాయుడైన మా బావగారు ఒప్పుకున్నారు. అప్పు చేయకుండా సొంత పొదుపుతోనే వెళ్తున్నాం కాబట్టి, అక్కడ ఖర్చు ఎలా తగ్గించుకోవచ్చో చెప్పగలరు.

జవాబు: మీ ఉత్తరంలో నన్ను ఆపింది లిస్బన్ కాదు, చివరి వాక్యం. చీటీ పాడుకోవడం అప్పు కాదనే నమ్మకం మన ఇళ్లలో ఎంత బలంగా ఉందంటే, వడ్డీ వ్యాపారి గడప తొక్కనివారు, క్రెడిట్ కార్డు బకాయిని ఒక్క నెల కూడా మిగల్చనివారు సైతం చీటీ పాటకు మాత్రం నిశ్చింతగా వెళ్తుంటారు. అందుకే ముందు లెక్క చూద్దాం.

డివిడెండు, అంటే పాట పాడినవారు వదులుకున్న తగ్గింపులో సభ్యులకు పంచే వాటా, పోను మీరు సగటున నెలకు ₹8,000 కట్టారనుకుంటే, 18 వాయిదాలకు మీ సొమ్ము ₹1,44,000. చేతికొచ్చే ₹3,60,000లో అదొక్కటే మీది. మిగతా ₹2,16,000 తోటి సభ్యులది. నెలలు గడిచేకొద్దీ పాటలో తగ్గింపు పడిపోతుంది, దానితో పాటే డివిడెండూ తగ్గుతుంది కాబట్టి, మిగిలిన 32 వాయిదాలు సగటున ₹9,000 చొప్పున పడతాయి. అంటే ₹2,16,000 తీసుకుని ₹2,88,000 తిరిగి కడతారు. ఈ లెక్కన నెలకు నూటికి రెండు రూపాయలకు కాస్త తక్కువ, ఏడాదికి 22 శాతం దాకా వడ్డీ పడుతున్నట్టు. రెండు రూపాయల వడ్డీకి అప్పు తెచ్చి విహారానికి వెళ్తున్నామని ఎవరైనా చెబితే మీ అమ్మగారు ఏమంటారో మీకు తెలుసు. ఇక్కడ వడ్డీ అనే పేరు లేదు, అంతే తేడా.

ఈ వడ్డీకన్నా పెద్ద నష్టం మరొకటి ఉంది. ఉద్యోగం పోయినా, ఇంట్లో ఎవరైనా ఆసుపత్రి పాలైనా మీరు ఆదుకోమని అడగగలిగినది ఈ పాడని చీటీ ఒక్కటే. అదీ అంత నమ్మదగిన గొడుగు కాదు. అవసరమైన నెలలో పాట మీకే దక్కుతుందన్న హామీ లేదు, గరిష్ఠ తగ్గింపుకు ఇద్దరు ముగ్గురు సిద్ధపడితే లాటరీ తీస్తారు. అయినా ఉన్నది అదొక్కటే. దాన్ని లిస్బన్ కోసం పాడేసుకుంటే ఇంట్లో మిగిలేది పొదుపు ఖాతాలోని ₹60,000. మీ నెల ఖర్చు మొత్తం ₹90,000. అంటే మీ కుటుంబం జీతం లేకుండా ఇరవై రోజులు మాత్రమే నిలబడగలదు. పైగా పాడుకున్న తరువాత వాయిదా ఆపే వీలుండదు. మీరు ఆపితే చీటీ సంస్థ అడిగేది మీ బావగారిని. మీరు ట్రామెక్కి ఊరు చూసి రావడానికి ఆయన జీతం తాకట్టులో ఉండాలా? సంతకం చేయడానికి ఆయన ఒప్పుకున్నారు సరే, మీరు అడగకుండా ఉండాల్సింది.

ఈ విషయంలో నేను కటువుగా మాట్లాడడానికి సొంత కారణం ఒకటుంది. చాలా ఏళ్ల క్రితం అండమాన్ వెళ్లి వచ్చిన రెండు వారాలకు, మా నాన్నగారు తెనాలిలో స్నానాల గదిలో జారిపడి తుంటి ఎముక విరగ్గొట్టుకున్నారు. రాత్రి పదకొండు గంటలకు ఆసుపత్రి కౌంటరులో అడ్వాన్సు కట్టమన్నారు. నా కార్డు గీస్తే పరిమితి చాలలేదని యంత్రం నుంచి కాగితం వచ్చింది. విమాన టికెట్లు, హోటలు బిల్లు ఇంకా ఆ కార్డులోనే కూర్చుని ఉన్నాయి. ఎదురుగా ఉన్న మందుల దుకాణం యజమాని మా నాన్నగారికి తెలిసినవాడు కావడంతో గల్లాపెట్టెలోని నోట్లు లెక్కపెట్టి ఇచ్చాడు, ఆపరేషను జరిగింది. అప్పటికే నేను ఇతరులకు ఆర్థిక సలహాలు ఇస్తూ ఉండేవాడిని.

మీకు కావలసిన అత్యవసర నిధి ఆరు నెలల ఖర్చు, అంటే ₹5,40,000. ఇంటి రుణం ఉన్న ఒక్క జీతపు కుటుంబానికి ఇంతకన్నా తక్కువ నేను ఒప్పుకోను. మీ లెక్క ప్రకారం నెలకు ₹25,000 మిగలాలి. పొదుపు ఖాతా చూస్తే మిగలడం లేదని తెలుస్తోంది. జీతం పడిన మరుసటి రోజే ₹20,000 వేరే ఖాతాకు వెళ్లిపోయేలా బ్యాంకుకు ఆదేశం ఇవ్వండి. చేతిలో ఉన్న ₹60,000తో కలిపి సరిగ్గా 24 నెలల్లో నిధి పూర్తవుతుంది, బోనస్ కూడా అందులోకే మళ్లిస్తే ఇంకా ముందే. ఒక నెల ఖర్చు పొదుపు ఖాతాలో, మిగతాది ఎప్పుడంటే అప్పుడు తీసుకోగల డిపాజిట్లలోనో లిక్విడ్ ఫండ్‌లోనో ఉంచండి. దీనిమీద ఎంత రాబడి వస్తుందని నన్ను అడగవద్దు, ఇది రాబడి కోసం పెట్టే డబ్బు కాదు.

మిగిలిన ₹5,000 బీమాకు. కుటుంబానికి ఆరోగ్య బీమా ఉన్నట్టు మీరు రాయలేదు, బహుశా సంస్థ ఇచ్చే సామూహిక బీమా మీదే ఆధారపడి ఉంటారు. అది ఉద్యోగంతో పాటే పోతుంది. మీ ముగ్గురికీ కలిపి ఒక పాలసీ, అమ్మగారికి విడిగా ఒకటి తీసుకోండి. వ్యక్తిగత ఆరోగ్య బీమా ప్రీమియం మీద 2025 సెప్టెంబరు 22 నుంచి జీఎస్టీ లేదు. అమ్మగారికి ఇదివరకే జబ్బులు ఉంటే, వాటికి పరిహారం మొదలు కావడానికి గరిష్ఠంగా మూడేళ్లు ఆగాల్సి రావచ్చు. ఆ గడియారం పాలసీ తీసుకున్న రోజునే తిరగడం మొదలవుతుంది కాబట్టి ఆలస్యం చేసిన ప్రతి నెలా ఆమెకే నష్టం. ప్రీమియం ₹5,000 దాటితే ఆ తేడాను నిధిలో తగ్గించకండి, ఇంటి ఖర్చులో తగ్గించండి. పోర్చుగల్‌తో సహా పలు యూరప్ దేశాలకు ఉమ్మడిగా పనిచేసే షెంజెన్ వీసాకు కనీసం 30,000 యూరోల వైద్య బీమా తప్పనిసరి అని మీరు ఈపాటికి తెలుసుకునే ఉంటారు. ఆరు రోజుల విహారానికి ముప్పై లక్షల రూపాయల పైచిలుకు రక్షణ కొంటున్న మనం, ఏడాది పొడవునా గుంటూరులో ఒంటరిగా ఉండే మనిషికి ఒక్క రూపాయి రక్షణ లేకుండా బయలుదేరుతుంటాం. మీకు టర్మ్ బీమా లేకపోతే, ఫ్లాటు రుణానికి తగ్గకుండా అదీ ఈ నెలలోనే తీసుకోండి.

ఇక మీ ప్రణాళికలో వరుస కూడా తప్పింది. మీరు ముందు చీటీ పాడి, ఆ డబ్బు ఖాతాలో వేసి, తరువాత వీసాకు వెళ్లాలనుకుంటున్నారు. వీసా అధికారులు గడిచిన కొన్ని నెలల బ్యాంకు లావాదేవీలు చూస్తారు. ₹60,000 మాత్రమే నిల్వ ఉన్న ఖాతాలో దరఖాస్తుకు ముందు ఒక్కసారిగా ₹3,60,000 పడితే, అది ఎవరి డబ్బన్న అనుమానం వాళ్లకు రావడం సహజం. వీసా నిరాకరిస్తే పెద్దలకు 90 యూరోలు, మీ పాప వయసు వారికి 45 యూరోల చొప్పున కట్టిన రుసుము తిరిగి రాదు. పాటలో వదులుకున్న ₹1,40,000 కూడా తిరిగి రాదు. వీసా దరఖాస్తుకు టికెట్ల రిజర్వేషను చూపితే చాలు. డబ్బంతా కట్టి, రద్దు చేస్తే పైసా రాని టికెట్లు ముందే కొనడం మరో తొందరపాటు. ఖాతాలో నిల్వ చూపడానికి స్నేహితుల దగ్గర చేబదులు తెచ్చి పెట్టే పద్ధతి కూడా ఉంది. మీరు ఆ ఊసెత్తలేదు, కాబట్టి నేనూ వదిలేస్తున్నాను.

క్రెడిట్ కార్డు వాయిదాల గురించి ఒక్క మాట: వద్దు. బంగారం తాకట్టు, వ్యక్తిగత రుణం, ‘ఇప్పుడు తిరగండి, తరువాత కట్టండి’ పథకాలు, వీటన్నిటికీ అదే మాట.

మరి లిస్బన్ ఎప్పుడు? మీ చీటీని 40వ నెల దాటాక పాడండి. అప్పటికి పాడనివారు కొద్దిమందే మిగులుతారు, పోటీ తగ్గి, తగ్గింపు చీటీ సంస్థ తీసుకునే కమీషను దగ్గరకు దిగి వస్తుంది. 42వ నెలలో, అంటే సరిగ్గా అత్యవసర నిధి నిండే నాటికి, నాలుగున్నర లక్షలకు అటూ ఇటూగా చేతికి రావచ్చు. కట్టాల్సినవి ఎనిమిది వాయిదాలే ఉంటాయి. అప్పుడు దాన్ని సొంత పొదుపు అనండి, నేను అభ్యంతరం చెప్పను. పదో పెళ్లిరోజు మళ్లీ రాదన్నది నిజమే. ఈ దసరాకు గోవా వెళ్లి, జనమంతా తిరిగే బీచ్‌లు వదిలేసి పాత గోవా చర్చిలు, పణజిలో ఫోంటైన్యాస్ వీధులు చూసి రండి. 1961 దాకా అక్కడ పోర్చుగీసు పాలనే నడిచింది, నెల జీతం కదలకుండా ఆ గోడలు చూడవచ్చు.

ఖర్చు తగ్గించుకునే దారులు అడిగారు కాబట్టి రెండేళ్ల తరువాతి ప్రయాణానికి పనికొచ్చేవి చెబుతాను. మీ ₹4,40,000 అంచనా అతిగా లేదు, అందులో సగానికి పైగా విమానాలకే పోతుంది. హైదరాబాద్ నుంచి నేరుగా విమానం లేదు. దుబాయ్, దోహా, ఫ్రాంక్‌ఫర్ట్ వంటి చోట మారాలి. ప్రయాణం మొత్తం ఒకే టికెట్ మీద ఉండేలా చూడండి. ఆరేడు వేలు కలిసివస్తుందని విడివిడిగా కొంటే, మొదటి విమానం ఆలస్యమైతే రెండోదాని బాధ్యత ఎవరూ తీసుకోరు. హోటలు ధరలో కలవని నగర పన్ను ఒకటుంది, మనిషికి రాత్రికి 4 యూరోలు. 13 ఏళ్లలోపు పిల్లలకు లేదు కాబట్టి మీ ఇద్దరికీ ఆరు రాత్రులకు 48 యూరోలు. దుకాణంలో కార్డు గీసినప్పుడు రూపాయల్లోనా, యూరోల్లోనా అని యంత్రం అడుగుతుంది. యూరోలనే ఎంచుకోండి, రూపాయలంటే మారకం రేటు ఆ యంత్రం వాళ్ల చేతికి పోతుంది. మామూలు క్రెడిట్ కార్డుల్లో విదేశీ లావాదేవీకి మూడు, మూడున్నర శాతం రుసుము, దానిమీద జీఎస్టీ ఉంటాయి కాబట్టి, ఆ రుసుము తక్కువున్న కార్డు ఒకటి ముందే చూసుకోండి. టూరు ప్యాకేజీ కొంటే అమ్మేవాళ్లు ముందే కోసే పన్నును (టీసీఎస్) ఆదాయపు పన్ను రిటర్నులో సర్దుకోవచ్చు. కానీ ఆ డబ్బు కొన్ని నెలలు మీ చేతిలో ఉండదు, దాన్నీ బడ్జెట్‌లో వేసుకోండి.

ఆరు రాత్రులు లిస్బన్‌కు చాలు. వాస్కో డ గామా సమాధి ఉన్న జెరోనిమోస్ మఠం సోమవారం మూసి ఉంటుంది, ఆ మఠం ఉన్న బెలేం వైపు ఆ రోజు పెట్టుకోవద్దు. లిస్బన్ దగ్గర్లోని కోటల ఊరు సింత్రాకు రోసియో స్టేషన్ నుంచి రైలు ఉంది, కారు అద్దెకు తీసుకునే పని లేదు. అందరూ ఫొటోలు దిగే 28వ నంబరు ట్రామ్‌లో జేబుదొంగల బెడద బాగా తెలిసినదే. అందుకే ప్రయాణానికీ ఒక చిన్న అత్యవసర నిధి పెట్టుకోవాలి: అంచనాలో పదో వంతు ముట్టుకోకుండా, రెండో కార్డుతో పాటు మీ పర్సులో కాక హోటలు గదిలో. పాస్‌పోర్టు పోతే భారత రాయబార కార్యాలయం లిస్బన్‌లోనే ఉంది, కానీ ఆ రెండు మూడు రోజుల బస ఖర్చు మీరే పెట్టుకోవాలి.

కార్మో మఠం చూడడం మరవకండి. 1755 నవంబరు 1న, పండుగ ప్రార్థనలకు జనం చర్చిల్లో ఉన్న ఉదయం వేళ భూకంపం వచ్చింది. కాసేపటికి సముద్రం ఊరి మీదకు వచ్చింది, ఆ తరువాత రోజుల తరబడి మంటలు. కార్మో మఠానికి పైకప్పు మళ్లీ వేయకుండా అలాగే ఉంచారు, తోరణాల మధ్య నుంచి ఆకాశం కనిపిస్తుంది. కింద బైషా పేటను తిరిగి కట్టినప్పుడు మాత్రం భూకంపాన్ని తట్టుకునేలా గోడల లోపల చెక్క చట్రాలు పెట్టారు. బయటి నుంచి చూస్తే అవి కనబడవు. వృత్తి దోషం కావచ్చు, నాకు ఆ ఊరిలో అన్నిటికన్నా నచ్చేది ఆ చట్రాలే.

ఈ నెల చేయవలసినవి చెబుతాను. చీటీ పాటకు వెళ్లవద్దు. బావగారికి ఫోన్ చేసి సంతకం అక్కర్లేదని చెప్పండి. వచ్చే ఆదివారం గుంటూరు వెళ్లి అమ్మగారి పాత రక్త పరీక్షల నివేదికలు, ఆమె వాడుతున్న మందుల చీటీలు తెచ్చుకోండి. బీమా దరఖాస్తులో ఒక్క జబ్బు కూడా దాచకుండా రాయడానికి అవి కావాలి.