టెక్ సందేహాలు: నాలుగు కట్టెల కోసం ఫోను తాకట్టా?

దసరా సెలవులు ఇచ్చిన దగ్గర్నుంచి నా ఇన్‌బాక్స్ కట్టెల అడితిలా తయారైంది. మైన్‌క్రాఫ్ట్ అనే వీడియో గేమ్‌లో కలప పోగేయడానికే గంటలు పడుతోందని ఒకరు, ఇనుము తవ్వితే మాయమైపోతోందని ఇంకొకరు, వజ్రాలు ఎక్కడికి పోయాయని మరొకరు. మారతహళ్లి, వైట్‌ఫీల్డ్, బెళ్లందూరు, కె.ఆర్.పురం... బెంగళూరు తూర్పు దిక్కున తెలుగువాళ్ల పిల్లలంతా ఒకే అడవిలో పడ్డట్టున్నారు. ఉత్తరం ఎవరిదైనా ఆఖరి వాక్యం మాత్రం ఒకటే: "ఏదైనా షార్ట్‌కట్ ఉంటే చెప్పండి సార్." ప్రింటర్లవాళ్లు, వైఫై రూటర్లవాళ్లు ఈ వారానికి ఓపిక పట్టండి.

ప్రశ్న: అంకుల్, నేను సిక్స్త్ క్లాస్. గుహలో ఇనుము కనిపించింది. తవ్వితే పగిలింది కానీ చేతికి ఏమీ రాలేదు. నాలుగుసార్లు అలాగే అయింది. ఇది బగ్గా? డాడీ ఫోన్ పాతది, అందుకేనా?
– మారతహళ్లి

జవాబు: బగ్గూ కాదు, డాడీ ఫోన్ తప్పూ కాదు నాన్నా. నీ చేతిలో ఉన్నది చెక్క పికాక్స్ (రాళ్లు తవ్వే గుద్దలి) అయ్యుంటుంది. దాంతో రాయి వస్తుంది, బొగ్గు వస్తుంది, ఇనుము రాదు. ఇనుముకి కనీసం రాతి పికాక్స్ కావాలి. వజ్రానికి ఇనప పికాక్స్, అబ్సిడియన్ అనే గట్టి నల్లరాయికి వజ్రపు పికాక్స్. బంగారు పికాక్స్ తళతళలాడుతోంది కదా అని మోసపోకు. ఇనుము దగ్గర అది కూడా చెక్కదానిలాగే చేతులెత్తేస్తుంది, పైగా 32 దెబ్బలకే విరిగిపోతుంది. చెక్కది 59 దెబ్బలు, రాతిది 131 దెబ్బలు ఓర్చుకుంటుంది.

అసలు లెక్క చూడు. మొదటి పికాక్స్‌కి మూడు దుంగలు చాలు. దుంగకి నాలుగు పలకల చొప్పున పన్నెండు పలకలు. పనిముట్లు చేసుకునే క్రాఫ్టింగ్ టేబుల్‌కి నాలుగు పోయాయి. రెండు పలకలతో నాలుగు కర్రలు వచ్చాయి. మూడు పలకలు, రెండు కర్రలు కలిపితే చెక్క పికాక్స్. మిగిలిన రెండు కర్రలకి మూడు రాళ్లు తగిలించావంటే రాతి పికాక్స్ కూడా అయిపోయింది. ఒట్టి చేత్తో ఒక దుంగ కొట్టడానికి పట్టేది మూడు సెకన్లు. మీ అమ్మ పెనం మీద రెండు దోసెలు వేసేలోపు ఇదంతా అయిపోవాలి.

మా అక్క కొడుకుదీ ఇదే కథ. పోయిన ఆదివారం మా ఇంట్లో సోఫా మీద బోర్లా పడుకుని, జంతికల నూనె అంటిన బొటనవేలితో తెరని నొక్కిపట్టి, రాయిని ఒట్టి చేత్తో కొడుతున్నాడు. ఒక్కో రాయికి ఏడున్నర సెకన్లు. పగులుతుంది, ఏమీ రాదు. మళ్లీ పక్క రాయి. నేను చూస్తుండగా తొమ్మిది పగలగొట్టి, "ఇది స్లో గేమ్ మామయ్యా" అని తేల్చేశాడు.

వాణ్ణి ఏమనగలం? 'ఈ పనిముట్టు చాలదు' అని తెర మీద ఒక్క ముక్క రాదే! 2023 అక్టోబరుకే 30 కోట్ల కాపీలు అమ్ముడైన ఆట ఇది. ఒక్క వాక్యం రాయడానికి చోటు లేకపోయిందా? అదేమంటే, కనిపెట్టుకోవడంలోనే మజా ఉందంటారు. మజా పెద్దవాళ్లకి. పదేళ్ల పిల్లాడు కనిపెట్టుకోడు, వీడియో వెతుక్కుంటాడు. వీడియో కింద ఒక లింకు ఉంటుంది. తర్వాతి ఉత్తరం ఆ లింకు గురించే.

ప్రశ్న: మా బాబు ఒక వీడియో కింద లింకు నుంచి 'అన్‌లిమిటెడ్ వుడ్, అన్‌లిమిటెడ్ డైమండ్స్' అని ఏదో ఏపీకే ఫైలు (యాప్‌ని నేరుగా ఎక్కించే ఫైలు) నా ఫోన్‌లో వేశాడు. ఆట బాగానే నడుస్తోంది. వేసేటప్పుడు అడిగిన పర్మిషన్లన్నీ వీడియోలో చూపించినట్టే ఓకే చేశాడట. యూపీఐ, బ్యాంకు యాప్‌లు అందులోనే ఉన్నాయి. వైరస్ స్కాన్ చేస్తే సరిపోతుందా?
– ఒక గృహిణి, వైట్‌ఫీల్డ్

జవాబు: సరిపోదమ్మా. ఇది ఆ ఫోన్‌లోనే చదువుతుంటే ముందు వైఫై, మొబైల్ డేటా రెండూ ఆపేసి, ఇంట్లో ఇంకెవరి ఫోనైనా తీసుకుని మిగతాది చదవండి.

"ఆట బాగానే నడుస్తోంది" అన్నారు చూశారా, నాకు భయం వేసింది అక్కడే. ఆట నడవకపోతే మీవాడు ఐదు నిమిషాల్లో తీసి పారేసేవాడు. నడిచినన్నాళ్లూ ఉంచుతాడు. దొంగకి కావలసింది ఆ నాలుగు రోజులే.

ఫోన్ సెట్టింగ్స్‌లో యాక్సెసబిలిటీ అని ఉంటుంది, తెరవండి. చూపు లేనివాళ్లకి తెర మీది అక్షరాలు చదివి వినిపించడానికి, వేళ్లు సహకరించనివాళ్ల తరఫున బటన్లు నొక్కడానికి పెట్టిన ఏర్పాటు అది. అంటే, అక్కడ అనుమతి దొరికిన యాప్ మీ తెర మీది ప్రతి అక్షరం చదవగలదు, మీ బదులు తనే నొక్కగలదు. ఓటీపీ మెసేజ్ వస్తే మీకంటే ముందు అదే చదువుతుంది. ఇలాంటి సాయం అవసరమైనవాళ్లకి తప్ప ఈ అనుమతి దాదాపు ఎవరికీ అక్కర్లేదు. చెట్లు కొట్టే ఆటకి ఎందుకు?

ఈ బెడద చూసే 2022లో వచ్చిన ఆండ్రాయిడ్ 13లో ఒక అడ్డు పెట్టారు. యాప్ స్టోర్ నుంచి కాకుండా పక్కదారిన వచ్చిన యాప్ యాక్సెసబిలిటీ అడిగితే 'రెస్ట్రిక్టెడ్ సెట్టింగ్' అని ఆపేస్తుంది. గోడ కట్టారు, బాగుంది. ఆ గోడకే ఒక తలుపు కూడా పెట్టారు: యాప్ ఇన్ఫోలోకి వెళ్లి, మూలనున్న మూడు చుక్కలు నొక్కి, 'అలౌ రెస్ట్రిక్టెడ్ సెట్టింగ్స్' అంటే తెరుచుకుంటుంది. ఆ తలుపు ఎలా తీయాలో దొంగ వీడియో తీసి మరీ పిల్లలకి నేర్పుతున్నాడు. మీవాడిని ఓసారి కూర్చోబెట్టి అడగండి, మూడు చుక్కలు నొక్కావా అని. తిట్టకుండా అడగండి, తిడితే నిజం చెప్పడు.

నొక్కానంటే ఇక ఆలోచించొద్దు. వేరే ఫోన్ నుంచి బ్యాంకుకి చేసి యూపీఐ, నెట్‌బ్యాంకింగ్ ఆపించండి. ఈమెయిల్ పాస్‌వర్డు కూడా వేరే ఫోన్ నుంచే మార్చండి. డబ్బు ఇప్పటికే పోయి ఉంటే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి వెంటనే చేయండి. అవతలి ఖాతాలోంచి డబ్బు ఇంకో ఖాతాకి దాటేలోపు ఫిర్యాదు పడితేనే ఆపగలిగే అవకాశం. తర్వాత ఆ యాప్ తీసేయండి. తీసేయబోతే సెట్టింగ్స్ దానంతటదే మూసుకుపోతోందా? ఈ రకం యాప్‌లు కొన్ని అలాగే చేస్తాయి, మీ బదులు బ్యాక్ బటన్ అవే నొక్కేస్తాయి. మనం వేసుకున్న యాప్‌లు పనిచేయకుండా ఫోన్ తెరిచే సేఫ్ మోడ్‌లో ప్రయత్నించండి. నన్నడిగితే ఫొటోలు కాపీ చేసుకుని ఫోన్ మొత్తం ఫ్యాక్టరీ రీసెట్ చేయమంటాను. పాత బ్యాకప్‌లోంచి ఆ ఏపీకేని మళ్లీ తెచ్చుకోకండి.

ఇంత తలనొప్పీ దేనికోసమో చూడండి. అంతులేని కలప, అంతులేని వజ్రాలు అసలు ఆటలోనే ఉన్నాయి! కొత్త ప్రపంచం మొదలుపెట్టేటప్పుడు సర్వైవల్ బదులు క్రియేటివ్ ఎంచుకుంటే ప్రతి వస్తువూ కావలసినంత దొరుకుతుంది. రాక్షసులంటే భయమైతే పీస్‌ఫుల్ అని ఉంది. చచ్చిపోయినా సామాన్లు పోకూడదంటే 'కీప్ ఇన్వెంటరీ' అని మీట ఉంది. ఆట ఒకసారి డబ్బు పెట్టి కొంటే చాలు, వీటికి పైసా అదనంగా అక్కర్లేదు. ఫ్రీగా వస్తుందని ఆ ఒక్క కొనుగోలూ ఎగ్గొట్టినందుకే ఇదంతా.

ప్రశ్న: ఫ్రెండ్స్ సర్వర్‌లో ఆడుతున్నాను. రాత్రి ఆటోక్లిక్కర్ మోడ్ (తనే క్లిక్ చేస్తూ పోయే, ఆటకి బయటివాళ్లు రాసిన అదనపు ప్రోగ్రాం) పెట్టి పడుకుంటే పొద్దున్నకి పెట్టెల నిండా రాయి. ఆఫీస్ ల్యాప్‌టాప్ కాబట్టి స్పీడ్ సూపర్. ఇలా చేస్తే అకౌంట్ బ్యాన్ అవుతుందా?
– సాఫ్ట్‌వేర్ ఇంజినీర్, బెళ్లందూరు

జవాబు: అకౌంట్ గురించి బెంగపడుతున్నారా? ఉద్యోగం గురించి పడండి.

ఇలాంటి మోడ్ వచ్చేది జార్ ఫైలుగా. జార్ ఫైలు అంటే ఆటకి అతికించే స్టిక్కర్ కాదని మీకు నేను చెప్పాలా? అది పూర్తిస్థాయి ప్రోగ్రాం. మీరు ఆ ల్యాప్‌టాప్‌లో ఏం తెరవగలరో అదీ తెరవగలదు. 2023 జూన్‌లో ఫ్రాక్చరైజర్ అనే మాల్వేర్ బయటపడింది. ఊరూపేరూ లేని సైట్లలో కాదు, అందరూ నమ్మే కర్స్‌ఫోర్జ్, బకిట్‌లలో. కొందరు మోడ్ రచయితల ఖాతాలు కాజేసి వాళ్ల పేరుతోనే ఎక్కించారు. ఒక జార్‌తో లోపలికొచ్చి, డిస్కులో కనిపించిన మిగతా జార్ ఫైళ్లకి కూడా అంటుకునేది. జావాలో పనిచేసే ఇంజినీరు ల్యాప్‌టాప్‌లో జార్ ఫైళ్లు ఎన్నుంటాయో మీరే లెక్కపెట్టుకోండి.

అది ఎత్తుకెళ్లినవాటిలో బ్రౌజర్ కుకీలు ఉన్నాయి. పాత సినిమా హాళ్లలో ఇంటర్వెల్‌కి బయటికెళ్తే గేటు దగ్గర చిన్న చీటీ ఇచ్చేవాళ్లు గుర్తుందా? అది చూపిస్తే మళ్లీ టికెట్ అడగరు. లాగిన్ కుకీ అలాంటి చీటీ. అది దొంగ చేతిలో పడితే చాలాచోట్ల పాస్‌వర్డూ అడగరు, ఓటీపీ కూడా అడగరు. మీ ఆఫీసు మెయిల్, కోడ్ దాచుకునే చోటు, అన్నిటి చీటీలూ ఆ బ్రౌజర్‌లోనే ఉంటాయి.

2021 డిసెంబరు రెండో వారం మర్చిపోయి ఉండరు. జావా ప్రోగ్రాములు తమ చిట్టా రాసుకోవడానికి వాడే లాగ్‌4జేలో లోపం. మైన్‌క్రాఫ్ట్ చాట్‌లో ఒక్క లైను టైప్ చేస్తే సర్వర్ లొంగిపోతోందని గోల మొదలై, మన ఊళ్లో ఇంజినీర్లకి వారాంతాలు లేకుండా చేసింది. దానికి ఆట 1.18.1 వెర్షన్‌లో మందు వేశారు. మీ స్నేహితుల సర్వర్ ఏ వెర్షనో ఓసారి కనుక్కోండి. ఆ మోడ్ సంగతి మీ ఆఫీసు సెక్యూరిటీ టీముకి మీరే చెప్పండి. వాళ్లంతట వాళ్లు కనిపెట్టాక చెబితే వేరే రకంగా ఉంటుంది. రాళ్ల కోసమైతే ఎస్పీ రోడ్డులో ఒక సెకండ్ హ్యాండ్ ల్యాప్‌టాప్ కొనుక్కోండి.

ప్రశ్న: ఫోన్‌లో ఒక ఫ్రీ సర్వైవల్ గేమ్. పది చెట్లు కొట్టగానే 'ఎనర్జీ అయిపోయింది, నాలుగు గంటలు ఆగండి లేదా ప్యాక్ కొనండి' అంటోంది. నెలలో మూడుసార్లు కొన్నాను. ఎనర్జీ తొందరగా నిండాలంటే ఏం చేయాలి?
– బానసవాడి

జవాబు: మీ ప్రశ్నకి జవాబు నా దగ్గర లేదు, ఉన్నా చెప్పను.

కట్టె కొట్టడం విసుగు పుట్టేలా తయారుచేసి, ఆ విసుగుకి విరుగుడు అమ్ముకునే ఆటలివి. చెరువు నీళ్లకి కంచె వేసి బిందెకి ఇంత అని వసూలు చేసినట్టు. మైన్‌క్రాఫ్ట్‌లో ఒక దుంగ కొట్టడం మూడు సెకన్లు ఎందుకంటే, అక్కడ పని ఉంది; మంచి గొడ్డలి చేసుకుంటే ఆ మూడూ తగ్గుతాయి. ఇక్కడ నాలుగు గంటలు ఎందుకంటే, మీ జేబు తెరుచుకోవడానికి అంత అసహనం కావాలని ఎవరో కూర్చుని లెక్కవేశారు. గడియారాన్ని అమ్మేవాడు దాన్ని ఎప్పటికీ మీకు అనుకూలంగా తిప్పడు. కొనుక్కున్న ఆటకి 'డబ్బులు దండగ' అంటాం, ఫ్రీ ఆటకి నెలనెలా కప్పం కడతాం. యాప్ స్టోర్‌లో ప్రతి కొనుగోలుకీ పాస్‌వర్డు లేదా వేలిముద్ర అడిగే సెట్టింగ్ ఉంది, ముందు అది ఆన్ చేయండి.

ప్రశ్న: మైన్‌క్రాఫ్ట్ 2019లో ఆడటం మానేశాను. ఇప్పుడు మా అమ్మాయితో మళ్లీ మొదలుపెట్టాను. వై 11 (ఎంత లోతులో ఉన్నామో చెప్పే అంకె) దగ్గర ఎంత తవ్వినా వజ్రం లేదు. పరువు పోతోంది సార్.
– కె.ఆర్.పురం

జవాబు: మీరు తవ్వుతున్నది పాత అడ్రసు. 2021 నవంబరు 30న వచ్చిన 1.18 అప్‌డేట్‌తో నేల అడుగు 0 నుంచి మైనస్ 64కి దిగింది. వజ్రాలు లోతుకి వెళ్లేకొద్దీ పెరుగుతాయి. మైనస్ 59 ప్రాంతంలో సొరంగం వేయండి. కింద ఉండేది డీప్‌స్లేట్, మామూలు రాయికి రెట్టింపు గట్టిది. లావా కూడా ఎక్కువ, నేరుగా కాళ్ల కింద తవ్వొద్దు. ఇనుముకి అంత లోతు అనవసరం, వై 16 చుట్టుపక్కల బాగా దొరుకుతుంది. కంప్యూటర్లో జావా వెర్షనైతే ఎఫ్3 నొక్కితే, ఫోన్‌లో అయితే ప్రపంచం సెట్టింగ్స్‌లో 'షో కోఆర్డినేట్స్' ఆన్ చేస్తే మీరెక్కడున్నారో తెలుస్తుంది. అమ్మాయికి మాత్రం మీకు ముందే తెలుసని చెప్పుకోండి.

ప్రశ్న: అంకుల్, మళ్లీ నేనే. రాతి పికాక్స్ చేశాను, ఇనుము వచ్చింది! కానీ రాత్రి జాంబీలు వచ్చి చంపేశాయి. అన్నీ పోయాయా?
– మారతహళ్లి

జవాబు: శభాష్. చచ్చిన చోటుకి ఐదు నిమిషాల్లో పరిగెత్తావంటే సామాన్లు అక్కడే పడి ఉంటాయి. ఈసారి పొద్దు వాలకముందే సిద్ధంగా ఉండు. ఆటలో పగలు పది నిమిషాలే. ఎనిమిది రాళ్లతో కొలిమి చేసుకో. బొగ్గు దొరక్కపోతే దుంగనే కొలిమిలో కాల్చు, అదే బొగ్గవుతుంది. ఒక బొగ్గు, ఒక కర్ర కలిపితే నాలుగు కాగడాలు. ఒకే రంగు ఉన్ని మూడు, పలకలు మూడు ఉంటే మంచం. గొర్రెలు కనిపించలేదా, గుట్టలోకి రెండు గళ్లు తొలిచి, లోపలికెళ్లి, వాకిలి రాళ్లతో మూసెయ్. కాగడా పెట్టుకుని అక్కడే తవ్వుకుంటూ కూర్చో. తెల్లారేసరికి ఇంకో ఇనుము దొరికినా దొరకొచ్చు.