ఆదివారం సిర్నికీలకి శుక్రవారం రాత్రే తోడు పెట్టు

చిన్నీ,

దసరా సెలవుల్లో మీ ఆఫీసు వాళ్ళు ఆరుగురు బ్రంచ్‌కి వస్తున్నారు, ఎప్పుడూ ఇడ్లీ వడేనా పిన్నీ, నువ్వు ఖర్జూరం పాకంతో పెట్టే ఆ రష్యా అట్లు ఎలా చేయాలో చెప్పు అన్నావుగా, ఫోన్లో చెప్తే సగం మర్చిపోతావని రాస్తున్నా.

వాటి పేరు సిర్నికీ. మావాడు రష్యాలో ఎంబీబీఎస్ చదివేటప్పుడు ఒక అక్టోబర్ అక్కడే ఉన్నా కదా, ఇంటి ఓనరమ్మ పొద్దున్నే చేసి పెట్టేది. ఖర్జూరం పాకం, నువ్వుల ముద్ద కలిపి రొట్టెతో తినడం మాత్రం కువైట్లో ఉన్నప్పుడు పక్కింటి ఇరాక్ ఆవిడ నేర్పింది, వాళ్ళు దిబిస్ రాషి అంటారు. అట్టులో కొంచెం పులుపు, పాకంలో బాగా తీపి, నువ్వుల్లో సన్నటి చేదు, అందుకే ఈ రెండూ ఒకే ప్లేట్లో అంత బాగా కుదురుతాయి. ఇరాక్ వైపు ఖర్జూరం కోతలు ముగిసేది కూడా ఈ రోజుల్లోనే.

అసలు పనంతా త్వరోగ్‌లోనే ఉంది, అంటే విరిగిన పెరుగు ముద్ద. బజార్లో పనీర్ తెచ్చి చిదిమితే సరిపోతుందనుకోకు, నేనూ మొదట అదే చేశా, రబ్బరులా వచ్చింది. ఇంకోసారి పెరుగు ఊరికే గుడ్డలో కట్టి చేస్తే జారుగా ఉండి మైదా పోస్తూనే పోయా, చివరికి తింటే పిండి రుచే.

3 లీటర్ల పాలు కాచి గోరువెచ్చగా అయ్యాక తోడు పెట్టు. బెంగళూరులో ఇప్పుడు వానలు, రాత్రి చలి, పొద్దునకి తోడుకోకపోతే ఇంకో రెండు గంటలు ఆగు. ఆ గిన్నెని కదపకుండా నీళ్ళున్న పెద్ద గిన్నెలో దించి సన్నమంట మీద అరగంట పైన ఉంచు. పెరుగు అంచులు వదిలి మధ్యకి దగ్గరపడి చుట్టూ పచ్చటి నీళ్ళు తేలతాయి. మరగనిచ్చావంటే గట్టిపడిపోతుంది, అందుకని పక్కనే నిలబడు. చల్లారాక గుడ్డలో వేలాడదీసి సాయంత్రానికి పిడికెట్లో పట్టి పిండి చూడు, అరచెయ్యి తడిస్తే ఇంకా ఆరాలి, ముద్ద నిలబడి చెయ్యి జిడ్డుగా మాత్రమే ఉంటే చాలు. రాత్రికి ఫ్రిజ్‌లో పెట్టెయ్.

ఆదివారం ఆ ముద్దని జల్లెడలోంచి ఒకసారి రుద్ది దించు. సుమారు అర కిలో ఉంటుంది, దానికి ఒక గుడ్డు, 2 చెంచాలు పంచదార, 2 పెద్ద చెంచాలు బొంబాయి రవ్వ, చిటికెడు ఉప్పు, ఏలకుల పొడి. రవ్వ రష్యా వాళ్ళూ వేస్తారు, మన్కా అంటారు. పావుగంట నాననిచ్చి వడల్లా చిల్లు పెట్టకుండా గుండ్రంగా వేలెడు మందాన ఒత్తి, పొడి మైదా అద్ది, నెయ్యి నూనె కలిపి సిమ్‌లో రెండు వైపులా ఎర్రగా కాల్చు. తొందరపడి మంట పెంచావో, పైన మాడి లోపల పచ్చిగా ఉంటుంది. గుడ్డు పడిందని వాళ్ళకి ముందే చెప్పు.

పాకానికి గింజ తీసిన మెత్తటి ఖర్జూరాలు పావు కిలో వేడినీళ్ళలో నానబెట్టి మిక్సీ పట్టి వడకట్టి తేనెలా అయ్యేదాకా మరిగించు. రసెల్ మార్కెట్ వైపు వెళ్తే మంచి ఖర్జూరాలు దొరుకుతాయి. తెల్ల నువ్వులు నువ్వుపొడికి వేయించినట్టు ఎర్రగా వేయించకు, వేడెక్కి వాసన రాగానే దించి కాస్త నూనెతో మెత్తగా రుబ్బు. వడ్డించేటప్పుడు అట్టు మీద ఒక చెంచా గట్టి పెరుగు, దాని మీద నువ్వుల ముద్ద, పైనుంచి పాకం, నాలుగు దానిమ్మ గింజలు, అంతే. దాల్చినచెక్క, యాపిల్, పిస్తా అన్నీ పోయాలనిపిస్తుంది, వద్దమ్మా, పులుపు కనపడకుండా పోతుంది.

విరుగుడు నీళ్ళు పారబొయ్యకు, సోమవారం చపాతీ పిండి వాటితోనే కలుపు. శనివారం పెరుగు దగ్గరపడ్డాక ఫోటో పంపు, చూసి చెప్తా.

పిన్ని