ఉర్లగడ్డ అన్నందుకు నవ్వారు

ప్రశ్న: మేడమ్, నాకు 31 ఏళ్లు. పుట్టి పెరిగింది పెరంబూరులో. మా ముత్తాత నెల్లూరు దగ్గరి పల్లె నుంచి మిల్లు పనికి వచ్చి ఇక్కడే ఉండిపోయారు. ఇంట్లో తెలుగే మాట్లాడతాం కానీ నాకు చదవడం, రాయడం రాదు. బళ్లో నన్ను ‘గొల్టి’ అని, తెలుగువాళ్లని ఇక్కడ వెక్కిరించే మాటతో ఏడిపించేవాళ్లు. మా వారిది గుంటూరు వైపు, ఉద్యోగం ఇక్కడే. పాప పుట్టాక అత్తయ్యగారు వచ్చి మాతోనే ఉంటున్నారు. పోయిన సంక్రాంతికి ఊరెళ్లినప్పుడు బంగాళాదుంప కూర వడ్డిస్తూ ‘ఉర్లగడ్డ కూర వెయ్యనా’ అన్నాను. మా ఆడపడుచు నా యాసలోనే ఆ మాట మళ్లీ మళ్లీ అంది. అందరూ నవ్వారు. మా వారూ నవ్వారు. అప్పట్నుంచి ఇంట్లో అవసరమైతే తప్ప నోరు విప్పడం లేదు. ‘పాపతో ఇంగ్లిష్‌లో మాట్లాడు, తెలుగు మా అమ్మ నేర్పుతుంది’ అంటున్నారు మా వారు. మొన్న ఇంటికొచ్చినవాళ్ల ముందు మా నాలుగేళ్ల పాప, ‘అమ్మా, నువ్వు చెప్పకు, నానమ్మ చెప్తుంది’ అంది. ఆ రాత్రంతా నిద్ర లేదు. అక్కడివాళ్లకి నేను అరవదాన్ని, ఇక్కడివాళ్లకి తెలుగుదాన్ని. ఇంతకీ నేనెవరిని? పాపతో ఏ భాషలో మాట్లాడాలి?
– ఒక సోదరి, కొళత్తూరు, చెన్నై

జవాబు: చదివేవాళ్లకి ముందుగా ఒక సంగతి చెప్పాలి. పైన ఉన్నది నేను కుదించి, తెలుగు అక్షరాల్లోకి మార్చి రాసింది. ఈ సోదరి పంపిన నాలుగు పేజీలూ తెలుగే, కానీ తమిళ లిపిలో ఉన్నాయి.

అమ్మా, ఆ లిపిలో ప, బ రెంటికీ ఒకటే అక్షరం. క, గలకీ అంతే. ఒత్తక్షరాలు లేనే లేవు. మీరు ‘బాధ’ అని రాసినచోట నేను ‘పాద’ అని చదివి, అర్థం కాక ఆగిపోయాను. ఇక లాభం లేదని పైకి చదవడం మొదలుపెట్టాను. అప్పుడు అన్నీ వాటంతట అవే విడిపోయాయి. మీ గొంతు వినబడింది. మీ నాయనమ్మ వాకిట్లో కూర్చుని మీకు జడ వేస్తూ పొడుపు కథలు వేసేవారనీ, చెప్పలేకపోతే జడ గట్టిగా లాగేవారనీ రాశారు చూడండి, అక్కడ నేను నవ్వుకున్నాను. భాష రానివాళ్లు ఎదుటివాళ్లని అలా నవ్వించలేరు. మీకు తెలుగు వచ్చు. లిపి రాదు, అంతే. ఈ రెండూ వేరని మీ మనసుకు గట్టిగా చెప్పుకోండి.

ఇది మీ ఒక్కరి సంగతే కాదు. డిసెంబరులో మన ఊరి సభల్లో కచేరీలకు వెళ్తే, పాడేవాళ్ల నోటు పుస్తకాలు ఎవరినైనా అడిగి చూడండి. త్యాగరాజ కీర్తన తమిళ లిపిలో రాసి, అక్షరాల పక్కన చిన్నగా 2, 3, 4 అంకెలు వేసి ఉంటాయి. ఏది క, ఏది ఖ, ఏది గ, ఏది ఘ అని గుర్తు. 1767లో తిరువారూరులో పుట్టి, తిరువయ్యారులో బతికిన మనిషి తెలుగులో పాడుకున్న పాటలవి. తెలుగుకు తమిళ నేల కొత్తా కాదు, పరాయీ కాదు.

ఇప్పుడు ఆ ఉర్లగడ్డ సంగతి. చిత్తూరు, తిరుపతి వైపు ఇళ్లలో ఈ రోజుకీ అదే మాట. వాళ్లని ఎవరూ తెలుగువాళ్లు కాదనరు. మీ ఆడపడుచు అనే బంగాళాదుంప పేరులోనే బంగాళం ఉంది. అసలు ఆ దుంపే దక్షిణ అమెరికా నుంచి ఓడలెక్కి వచ్చింది. మీరు ‘అంగడి’ అన్నా నవ్వుతారని రాశారు. ‘అంగట్లో అన్నీ ఉన్నా అల్లుడి నోట్లో శని’ అని మీ అత్తయ్యగారు ఎప్పుడో ఒకప్పుడు అనే ఉంటారు కదా! సామెతలో ఉన్నప్పుడు తెలుగైన మాట, మీ నోట్లోకి రాగానే అరవం ఎలా అవుతుంది? వాళ్లు కూర్చునే కుర్చీ అరబ్బీ మాట. ఇల్లు కట్టిన మేస్త్రీ, భుజం మీది తువాలు పోర్చుగీసు వాళ్ల దగ్గర్నుంచి వచ్చాయి. మాటలు అరువు తెచ్చుకోని ఇల్లు ఎక్కడా లేదు. పొరుగున ఎవరుంటే వాళ్ల దగ్గర తెచ్చుకుంటాం. మీ పొరుగు తమిళం.

మరి వాళ్లది ‘మంచి తెలుగు’, మీది ‘యాస’ ఎందుకయ్యాయి? కృష్ణా, గుంటూరు, గోదావరి జిల్లాల్లో చదువుకున్నవాళ్ల మాట పత్రికల్లోకి, పుస్తకాల్లోకి, సినిమాల్లోకి ఎక్కింది. ఎక్కినదే ప్రమాణమైంది. ఆ పత్రికలు, ఆ సినిమాలు చాలాకాలం తయారైంది ఎక్కడనుకున్నారు? మీ ఊళ్లోనే. ఆంధ్రపత్రిక దినపత్రికగా 1914లో ఇక్కడే మొదలైంది. కోడంబాక్కం, వడపళని స్టూడియోల సంగతి చెప్పనక్కర్లేదు. తెలుగువాళ్లకు ప్రత్యేక రాష్ట్రం కావాలని పొట్టి శ్రీరాములుగారు 58 రోజులు నిరాహార దీక్ష చేసి, 1952 డిసెంబరు 15న ప్రాణం విడిచింది మైలాపూరులో. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది, ఈ ఊరు మాత్రం ఇటే ఉండిపోయింది. ఊరితోపాటు మీ తాతలూ ఉండిపోయారు. ‘నేనెవరిని’ అని అడిగారు. మీరు చెన్నపట్నం తెలుగువారు. కోపం వస్తే తమిళం, దేవుడికి దణ్ణం పెట్టుకునేటప్పుడు తెలుగు వస్తాయని రాశారు. అందులో సిగ్గుపడాల్సింది నాకేమీ కనబడలేదు. రెండు భాషల్లో మనసు విప్పగల మనిషి మీరు.

భాషను బట్టి మనిషిని కొలవడం ఎంత పాతుకుపోయిన అలవాటో చెప్పే ఒక పరీక్ష ఉంది. 1960 ప్రాంతంలో కెనడాలోని మాంట్రియల్‌లో వాలెస్ లాంబర్ట్ అనే మనస్తత్వవేత్త, ఆయన తోటివాళ్లు కలిసి చేశారు. ఇంగ్లిష్, ఫ్రెంచ్ రెండూ బాగా వచ్చినవాళ్ల చేత ఒకే పాఠం రెండు భాషల్లో చదివించి రికార్డు చేశారు. రెండు గొంతులూ ఒకే మనిషివని వినేవాళ్లకి తెలియనివ్వలేదు. మనిషి ఎలాంటివాడో చెప్పమంటే, ఇంగ్లిష్‌లో చదివినప్పుడు తెలివైనవాడన్నారు, పొడగరి అని కూడా అన్నారు. అదే మనిషి ఫ్రెంచ్‌లో చదివితే మార్కులు తగ్గించారు. మనసుకు కష్టం కలిగించేదేమిటంటే, ఫ్రెంచ్ మాతృభాషగా ఉన్నవాళ్లు కూడా తగ్గించారు. మీ మీద మీరే మార్కులు తగ్గించుకుంటున్నారేమోనని నా భయం. ఆడపడుచు నవ్వింది ఒక పూట. మీరు నోరు మూసుకుని నెలలైంది.

మీ వారితో మాట్లాడండి. భోజనాల దగ్గర వద్దు, అత్తయ్యగారి ముందు అసలే వద్దు. ఇద్దరూ మేడ మీదకి వెళ్లినప్పుడో, నడకకి వెళ్లినప్పుడో చెప్పండి. చుట్టూ తిప్పకుండా ఇంత చెప్తే చాలు: “ఏవండీ, సంక్రాంతినాడు మీ చెల్లెలు నవ్వినందుకు కాదు, మీరు నవ్వినందుకు నాకు బాధేసింది. అప్పట్నుంచి మన ఇంట్లో నాకు మాట రావడం లేదు. పాప కూడా నన్ను మాట్లాడొద్దంటోంది.” అంతే చెప్పి ఆగండి. ఆయన తేలిగ్గా తీసేసినా వాదించకండి, రెండు రోజులాగి మళ్లీ ఇదే చెప్పండి. చెల్లెలికి చెప్పాల్సింది కూడా ఆయనే. ఆ పని మీరు నెత్తినేసుకుంటే వదినా ఆడపడుచుల గొడవైపోతుంది.

మీ అత్తయ్యగారి గురించి మీరు పెద్దగా పట్టించుకోకుండా రాసిన ఒక విషయం నాకు ముఖ్యమనిపించింది. కూరగాయల బండి దగ్గర, డాక్టర్ దగ్గర, ఆటోవాడితో ఆవిడ తరఫున మాట్లాడేది మీరే. ఊళ్లో నలుగురికి చెప్పి చేయించిన మనిషి ఇక్కడ అర కిలో వంకాయలు కొనడానికి కోడలి నోటి మీద ఆధారపడింది. గడప దాటితే ఆవిడకి మాట లేదు. ఇంట్లో ఆవిడకి మిగిలిన పెత్తనం తెలుగు ఒక్కటే, అందుకే దాన్ని అంత గట్టిగా పట్టుకున్నారేమో. వెక్కిరించడం తప్పే. కానీ మాట పోగొట్టుకోవడం ఎలా ఉంటుందో ఆ ఇంట్లో తెలిసినవాళ్లు మీరిద్దరే. బండివాడి దగ్గర అడగడానికి నాలుగు తమిళ ముక్కలు నేర్పండి. నేర్పేటప్పుడు ఆవిడ తప్పులకి పాప నవ్వితే ఆపండి. ఆవిడ ఆ క్షణాన్ని మర్చిపోరు.

ఇక పాప. మీ వారి ఆలోచన చెడ్డది కాదు, కానీ పొరపాటు. ఇంగ్లిష్ బడి నేర్పుతుంది. తమిళం వీధి నేర్పుతుంది, 2006 చట్టం వచ్చాక తమిళనాడు బడుల్లో అది చదవక తప్పదు కూడా. తెలుగుకు ఇల్లొక్కటే దిక్కు. మూడు భాషలు వింటే పిల్లలు తికమకపడరు. ఏది ఎవరితో మాట్లాడాలో త్వరగానే పట్టేస్తారు. మీరు వెతుక్కుంటూ మాట్లాడే ఇంగ్లిష్‌లో పాపకి కథ చెప్పగలరా? జడ లాగుతూ పొడుపు కథ వేయగలరా? మీ తెలుగులో వేయగలరు. కాబట్టి ఈ రాత్రి నుంచే, ఉర్లగడ్డలూ అంగళ్లూ అన్నీ కలిపి, మీ తెలుగులోనే మాట్లాడండి.

‘నువ్వు చెప్పకు’ అని పాప మళ్లీ అంటుంది. అన్నప్పుడు కోప్పడకండి, లోపలికి వెళ్లిపోకండి. “నానమ్మ బంగాళాదుంప అంటుంది, అమ్మ ఉర్లగడ్డ అంటుంది. నీకు రెండూ వచ్చు కదా!” అని, మీరు చెప్తున్న మాట పూర్తి చేయండి. పిల్ల మీ మొహం చూసి నేర్చుకుంటుంది. మీరు తల దించుకుంటే ఆ మాట తక్కువదనే అనుకుంటుంది.

అక్షరాలు కూడా నేర్చుకోండి. రోజూ పావుగంట, పాపతో కలిసి, ఒకే పలక మీద. నేర్పేది అత్తయ్యగారైతే మరీ మంచిది. అక్షరాల వరకే ఆవిడ టీచరు. మీ యాస దిద్దబోతే, “అత్తయ్యా, అది మా నాయనమ్మ మాట, ఉండనివ్వండి” అని నెమ్మదిగానే చెప్పండి. ఇంత చేశాక కూడా ఇంకో రెండు వారాలు నిద్ర పట్టకపోయినా, దేని మీదా మనసు నిలవకపోయినా టెన్షన్ పడుతూ కూర్చోకుండా డాక్టర్‌ని కలవండి.

రెండు నెలలాగి ఎలా ఉన్నారో రాయండి. అప్పటికి తెలుగు అక్షరాలు రాకపోతే మళ్లీ తమిళ లిపిలోనే రాయండి. అంకెలు వేయనక్కర్లేదు, పైకి చదువుకుంటాను.