మానసిక వ్యాధి ఉన్న నా తమ్ముడికి హత్య కేసు నుంచి మినహాయింపు దొరుకుతుందా?

ప్రశ్న: మాది శ్రీకాకుళం జిల్లా నరసన్నపేట దగ్గర పల్లె. మా తమ్ముడికి 31 ఏళ్లు. ఆరేళ్ల కిందట విశాఖపట్నం ప్రభుత్వ మానసిక వైద్యశాలలో చూపిస్తే స్కిజోఫ్రేనియా అన్నారు. మందులు వాడినన్నాళ్లూ పొలం పనికి వెళ్లేవాడు. పోయిన సంక్రాంతి తర్వాత మందులు మానేశాడు. పక్కింట్లో ఉండే, మాకు పెదనాన్న వరసయ్యే ఆయన తనకు చిల్లంగి (చేతబడి) పెట్టాడని, రాత్రిళ్లు వచ్చి "నా నెత్తురు తాగేస్తన్నాడు" అని అనేవాడు. రెండు నెలల కిందట తెల్లవారుజామున ఆయన్ని గొడ్డలితో నరికాడు. ఆయన చనిపోయారు. తర్వాత తమ్ముడు చెరువులో స్నానం చేసి, ఇంటికి వచ్చి అన్నం పెట్టమని అమ్మని అడిగాడు. ఇప్పుడు అంపోలు జైలులో ఉన్నాడు. ఛార్జిషీటు ఇంకా వేయలేదు. డాక్టరు సర్టిఫికెట్టు పెడితే కేసు కొట్టేస్తారని కొందరు, ఉరి తప్పదని కొందరు అంటున్నారు. జైలులో మందులు ఇస్తున్నారో లేదో తెలియదు. మేము ఏం చేయాలి? కేసు కొట్టేస్తే వాడిని ఇంటికి పంపుతారా?
— ఒక సోదరి

జవాబు: అమ్మా, మీకు చెప్పిన రెండు మాటలూ సరైనవి కావు. సర్టిఫికెట్టు ఒక్కటీ కేసును కొట్టివేయించలేదు. ఉరి మాటకొస్తే, హత్యకు చట్టం చెప్పిన శిక్ష యావజ్జీవం లేదా మరణదండన అయినా, రెండోది అత్యంత అరుదైన కేసులకే పరిమితమని సుప్రీంకోర్టు ఏనాడో స్థిరపరిచింది. పైగా నిందితుడి మానసిక వ్యాధి శిక్షను తగ్గించే కారణంగా కోర్టు ముందు నిలుస్తుంది. కాబట్టి ఆ భయాన్ని ప్రస్తుతానికి పక్కన పెట్టి అసలు విషయం చూద్దాం.

సంఘటన 2024 జూలై 1 తర్వాతది కనుక దీనికి ఆ రోజు అమల్లోకి వచ్చిన కొత్త నేర చట్టం, భారతీయ న్యాయ సంహిత వర్తిస్తుంది. అందులోని 22వ సెక్షన్, పాత శిక్షాస్మృతిలోని 84వ సెక్షన్ మాటలనే దాదాపుగా నిలుపుకుంది. మతిస్థిమితం లేని కారణంగా, ఆ పని చేస్తున్న సమయంలో తాను చేస్తున్నది ఏమిటో గ్రహించలేని స్థితిలో గాని, అది తప్పనీ చట్టవిరుద్ధమనీ తెలుసుకోలేని స్థితిలో గాని ఉన్నవాడు చేసినది నేరం కాదని దాని సారాంశం. ఈ సూత్రం 1843లో ఇంగ్లాండు ప్రభువుల సభ ముందు న్యాయమూర్తులు చెప్పిన సమాధానాల నుంచి వచ్చింది. ప్రధానమంత్రి రాబర్ట్ పీల్ కార్యదర్శిని కాల్చి చంపిన మెక్‌నాటెన్ అనే వ్యక్తిని మతిస్థిమితం లేదని విడిచిపెట్టినప్పుడు దేశమంతా అలజడి రేగింది, దాని ఫలితమే ఆ సమాధానాలు. కొత్త చట్టం తయారవుతున్నప్పుడు 2023లో వచ్చిన మొదటి బిల్లులో "మతిస్థిమితం లేకపోవడం" స్థానంలో "మానసిక వ్యాధి" అని రాశారు. అది మరీ విశాలమైన మాట అవుతుందని పార్లమెంటరీ స్థాయీ సంఘం అభ్యంతరం చెప్పడంతో పాత మాటనే మళ్లీ తెచ్చారు. వ్యాధి ఉన్నవారందరికీ ఈ మినహాయింపు ఇవ్వడం చట్టసభ ఉద్దేశం కాదని దీన్నిబట్టి మీకు అర్థం కావాలి.

వైద్యులు చెప్పే వ్యాధి వేరు, చట్టం అడిగే స్థితి వేరు. 2011లో సురేంద్ర మిశ్రా కేసులో సుప్రీంకోర్టు ఇదే తేడాను నొక్కి చెప్పింది. స్కిజోఫ్రేనియా ఉన్న మనిషి ఏళ్ల తరబడి వ్యవసాయం చేయగలడు, పంట అమ్ముకోగలడు, ఓటు వేయగలడు. అలాంటి వ్యక్తి పొలం గట్టు తగాదాలో ఎదుటివాడిని కొడితే, వ్యాధి ఉన్నా శిక్ష పడుతుంది. మీ తమ్ముడి విషయంలో ఆరేళ్ల నాటి వైద్యశాల చీటీ ఆరేళ్ల నాటి సంగతి చెబుతుంది. కోర్టుకు కావలసింది ఆ తెల్లవారుజామున ఆయన మనసు ఏ స్థితిలో ఉందో తెలిపే సాక్ష్యం. ఆ ఘడియకు ముందు రోజుల్లో, ఆ సమయంలో, ఆ తర్వాత ఆయన ఎలా ప్రవర్తించాడన్న దానినుంచే ఎవరైనా ఆ స్థితిని ఊహించగలరు. 1964లో సుప్రీంకోర్టు ఇచ్చిన దహ్యాభాయ్ తీర్పు నుంచి కోర్టులు అనుసరిస్తున్న పద్ధతి ఇదే.

మీ ఉత్తరంలో నేను ఎక్కువసేపు ఆగినది చిల్లంగి మాట దగ్గర. మన ఉత్తరాంధ్ర పల్లెల్లో చిల్లంగిని నమ్మేవారు ఇప్పటికీ తక్కువేమీ కాదు. ఆ నమ్మకంతో మనుషులను కొట్టిన, చంపిన కేసులు కోర్టులకు వస్తూనే ఉన్నాయి, వాటిలో నిందితులకు 22వ సెక్షన్ దక్కదు. ఊరందరికీ ఉన్న మూఢనమ్మకం మతిభ్రంశం కాదు. దాన్ని పట్టుకుని చంపినవాడు తాను చంపుతున్నాననీ, చట్టం ఒప్పుకోదనీ తెలిసే చంపుతాడు. ప్రాసిక్యూషన్ మీ తమ్ముడిని సరిగ్గా ఈ గాటన కట్టాలని చూస్తుంది. "ఊళ్లో పదిమందీ నమ్మేదే ఇతనూ నమ్మాడు, పగబట్టి చంపాడు" అని వాదిస్తుంది. దానికి జవాబు ఆ నమ్మకం పుట్టిన తీరులో ఉంది. ఆ పెదనాన్న మీద ఊళ్లో మరెవరికైనా అలాంటి అనుమానం ఉండేదా? మందులు వాడుతున్న రోజుల్లో మీ తమ్ముడు ఆయనతో మామూలుగా మాట్లాడేవాడా? మందులు మానాక ఎన్నాళ్లకు ఈ మాట మొదలైంది? పక్కింటాయన ఒక్కడేనా, ఇంకెవరైనా తనను వెంటాడుతున్నారని, ఎవరికీ వినపడని గొంతులు తనకు వినపడుతున్నాయని చెప్పేవాడా? నెత్తురు తాగుతున్నాడన్నది ఊరి నమ్మకంలో చెప్పుకునే వర్ణనా, లేక మీ తమ్ముడు నిజంగానే తన ఒళ్లంతా తడుముకుని గాయాలు వెతుక్కునేవాడా? వ్యాధి తలెత్తిన ప్రతిసారీ ఇదే భ్రమ వచ్చి, మందు పడగానే పోయేదని చూపగలిగితే, అది ఊరి నమ్మకం కాదనీ రోగ లక్షణమనీ మనోవైద్యుడు కోర్టులో చెప్పడానికి ఆధారం దొరుకుతుంది.

అక్కడితో పని పూర్తి కాదు. భ్రమ ఉందని తేలినా, ఆ భ్రమలో ఆయన ఏమనుకున్నాడన్నది మిగిలే ఉంటుంది. తనను హింసించినందుకు బదులు తీర్చుకుంటున్నాననుకుని చంపితే, అది తప్పని తెలిసినట్టే కోర్టు భావించే ప్రమాదం ఉంది. ఆ క్షణంలో ఎదురుగా ఉన్నది తన ప్రాణం తీయబోతున్న శక్తి అనీ, వేటు వేయకపోతే తానే చస్తాననీ రోగం వల్ల నమ్మి ఉంటే, తాను చేస్తున్నది తప్పని తెలుసుకోలేని స్థితి అన్న వాదానికి బలం వస్తుంది. ఆయన ఆ రోజు మీ అమ్మగారితో అన్న మాటలు, ఉన్నవి ఉన్నట్టుగా, అందుకే ముఖ్యం.

చెరువులో స్నానం విషయం దాచకండి. నెత్తుటి మరకలు కడుక్కోవడం అంటే తప్పని తెలిసి సాక్ష్యం చెరపడమేనని ప్రాసిక్యూషన్ అంటుంది. ఆ వాదన తేలికైనది కాదు. కాని ఒక్క చర్యను పట్టుకుని కోర్టు తీర్పు చెప్పదు. గొడ్డలిని ఏం చేశాడు, బట్టలు దాచాడా, దారిలో ఎవరైనా కనబడితే తప్పించుకున్నాడా, పోలీసులు వచ్చేదాకా ఇంట్లోనే ఉన్నాడా అన్నవన్నీ కలిపి చూస్తుంది. తలుపు తీసుకుని వచ్చి ఏమీ జరగనట్టు అన్నం అడిగిన మనిషి తీరు ఆ స్నానానికి వేరే అర్థం ఇవ్వవచ్చు. 1970లో సుప్రీంకోర్టు నిర్ణయించిన రతన్‌లాల్ కేసులో నిందితుడు కళ్లంలోని గడ్డికి నిప్పుపెట్టి, ఎందుకు పెట్టావంటే నేనే తగలబెట్టాను, ఏం చేసుకుంటారో చేసుకోండి అన్నాడు. ఆ ప్రవర్తననూ వైద్య సాక్ష్యాన్నీ కలిపి చూసి కోర్టు అతన్ని విడిచిపెట్టింది. అయితే పారిపోకపోవడం ఒక్కటే, లేదా చంపడానికి కారణం కనబడకపోవడం ఒక్కటే మతిస్థిమితం లేదనడానికి చాలదని కూడా అదే న్యాయస్థానం వేరే కేసుల్లో చెప్పింది.

ఋజువు చేయవలసిన భారం నిందితుడి మీదే ఉంటుంది. భారతీయ సాక్ష్య అధినియమం 108వ సెక్షన్ అలా చెబుతుంది. కాని ఆ భారం ప్రాసిక్యూషన్ మోసేదంత బరువైనది కాదు. ఇలా జరిగి ఉండే అవకాశమే ఎక్కువ అనిపిస్తే చాలు. దహ్యాభాయ్ తీర్పు ఇంకో అడుగు ముందుకు వేసి, మతిస్థిమితం లేదని నిందితుడు పూర్తిగా నిరూపించలేకపోయినా, హత్య చేయాలన్న ఉద్దేశం ఆయనకు ఉందా అన్న విషయంలో న్యాయమైన సందేహం కలిగితే ఆ లాభం ఆయనకే దక్కాలని చెప్పింది.

ఇప్పుడు మీరు వెంటనే చేయవలసినవి. ఛార్జిషీటు ఇంకా పడలేదు కనుక, తమ్ముడి వైద్య చరిత్రను రాతపూర్వకంగా దర్యాప్తు అధికారికి ఇచ్చి రసీదు తీసుకోండి, నకలు జిల్లా ఎస్పీకి పంపండి. నిందితుడికి పూర్వం మతిభ్రమ ఉందని తెలిసినప్పుడు అతన్ని వైద్యపరీక్షకు పంపి ఆ నివేదికను కోర్టు ముందుంచడం దర్యాప్తు అధికారి బాధ్యత అని, అలా చేయకపోతే ప్రాసిక్యూషన్ కేసులోనే లోపం ఏర్పడుతుందని 2007లో బాపు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మీ కాగితం ఫైలులో ఉంటేనే ఆ తీర్పు మీకు పనికొస్తుంది. ఓపీ చీటీలు, మందుల చీటీలు, వాడేసిన మాత్రల అట్టలు, విశాఖ వెళ్లిన బస్సు టిక్కెట్లు దొరికితే అవి కూడా దాచండి. వైద్యశాలలోని కేస్ షీటును కోర్టు ద్వారా తెప్పించాలి, చూసిన వైద్యుడిని డిఫెన్స్ సాక్షిగా పిలిపించాలి. వైద్యుడు బోనెక్కని సర్టిఫికెట్టుకు విలువ తక్కువ. మీరూ అమ్మగారూ చెప్పే సాక్ష్యాన్ని బంధువులన్న ఒక్క కారణంతో తోసిపుచ్చరు గాని, మీ ఊరి ఆశా కార్యకర్త, కిరాణా కొట్టు యజమాని, ఆయనతో కూలికి వెళ్లిన వాళ్లు చెప్పే మాట ఎక్కువ నిలుస్తుంది. వాళ్లకు ఏం చెప్పాలో నేర్పకండి. నేర్పిన సాక్షి క్రాస్ పరీక్షలో నిలవడు, నిలవనప్పుడు నిజంగా ఉన్న వ్యాధి కూడా అబద్ధంలా కనబడుతుంది. మందులు మానాక సారాకో గంజాయికో అలవాటు పడి ఉంటే మీ న్యాయవాదికి ముందే చెప్పండి. తనంత తానుగా తీసుకున్న మత్తు ఈ మినహాయింపు కిందికి రాదు.

జైలులో మందుల సంగతి దీనితో ముడిపడి ఉంది. 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం 103వ సెక్షన్, వ్యాధి ఉన్న ఖైదీని అవసరమైతే మానసిక వైద్యశాలకు పంపి చికిత్స చేయించే వీలు కల్పిస్తోంది. పాత చీటీలు జతచేసి, చికిత్స అందించమని జైలు సూపరింటెండెంటును ఆదేశించాలని కోరుతూ మేజిస్ట్రేటు కోర్టులో ఈ వారమే పిటిషన్ వేయించండి. ఇది ఆయన ఆరోగ్యం కోసం. దాని రికార్డు కేసుకూ ఉపయోగపడుతుంది. 2002లో శ్రీకాంత్ ఆనందరావు భోస్లే కేసులో, భార్యను చంపిన పోలీసు కానిస్టేబులుకు అంతకు ముందే ఉన్న వ్యాధితో పాటు సంఘటన తర్వాత నెలల్లో పదేపదే చికిత్సకు తీసుకెళ్లాల్సి రావడాన్ని కూడా సుప్రీంకోర్టు లెక్కలోకి తీసుకుని విడిచిపెట్టింది.

నేరం జరిగిన నాటి స్థితితో సంబంధం లేకుండా, ఇవాళ తన కేసు తాను నడుపుకోగల స్థితిలో ఆయన ఉన్నాడా అన్నది వేరే ప్రశ్న. లేడని అనిపిస్తే, క్రిమినల్ కేసులు నడిపే పద్ధతిని చెప్పే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 367, 368 సెక్షన్ల కింద కోర్టు మనోవైద్యుడి పరీక్షకు పంపుతుంది, కోలుకునేదాకా విచారణను వాయిదా వేస్తుంది. ఆ కాలంలో, ఆసుపత్రిలో ఉంచి చికిత్స చేయనవసరం లేకపోయి, క్రమం తప్పకుండా చూపిస్తామనీ ఎవరికీ హాని జరగకుండా చూస్తామనీ బంధువులు హామీ ఇస్తే, హత్య కేసయినా బెయిలు మీద విడిచే అధికారం 369వ సెక్షన్ కోర్టుకు ఇస్తోంది. మీ విషయంలో చనిపోయినవారి కుటుంబం పక్కింట్లోనే ఉంది కనుక కోర్టు దీనికి అంత సులువుగా ఒప్పుకోదని నా అభిప్రాయం. చికిత్స దొరికే చోట ఉంచమని కోరడం ఎక్కువ ఫలిస్తుంది.

చివరిది, ఇంటికి పంపుతారా అని అడిగారు. మతిస్థిమితం లేని కారణంగా నిర్దోషి అని తేల్చినప్పుడు, ఆ పని ఆయనే చేశాడా లేదా అన్నది కూడా తీర్పులో స్పష్టంగా రాయాలని అదే నాగరిక్ సురక్షా సంహిత 373వ సెక్షన్ అంటుంది. చేశాడని రాస్తే, 374 కింద ఆయన్ని సురక్షిత నిర్బంధంలో ఉంచడమో, పూచీకత్తు మీద బంధువులకు అప్పగించడమో జరుగుతుంది. నిర్బంధంలో ఉంచితే, ప్రమాదం లేదని ధ్రువీకరణ వచ్చాక విడుదల ఉత్తర్వు రాష్ట్ర ప్రభుత్వం ఇవ్వాలి, కాబట్టి అది తనంత తానుగా కదలదు. అస్సాంలో 1951లో అరెస్టయిన ఒక వ్యక్తి, 1967లోనే ఆరోగ్యంగా ఉన్నాడని వైద్యులు చెప్పినా, అడిగేవారు లేక విచారణ లేకుండానే 2005 దాకా నిర్బంధంలో ఉండిపోయాడు. ఆరు నెలలకు ఒకసారైనా ఆయన ఆరోగ్య నివేదిక కోసం మీరు దరఖాస్తు పెట్టుకుంటూ ఉండాలి.

ఖర్చు గురించి వెనకాడకండి. కస్టడీలో ఉన్నవారికి ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయసహాయం పొందే హక్కు ఉంది. శ్రీకాకుళం జిల్లా కోర్టు ఆవరణలోని జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అర్జీ ఇవ్వండి, లేదా 15100కు ఫోన్ చేయండి. మీ పెదనాన్నగారి కుటుంబం కూడా అదే సంస్థ ద్వారా బాధితుల పరిహారం కోరవచ్చు. మీ తమ్ముడు నిర్దోషిగా తేలినా ఆ పరిహారానికి సిఫారసు చేసే అధికారం నాగరిక్ సురక్షా సంహిత 396వ సెక్షన్ కింద కోర్టుకు ఉంటుంది. ఈ మాట వారికి మీరు నేరుగా చెప్పే పరిస్థితి లేకపోతే ఊరి పెద్దల ద్వారానైనా తెలియజేయండి.