నాన్నతో బాల్కన్ కొండలకు: గైడుతో వెళ్ళాలా, సొంతంగానా?

ప్రశ్న: "డెబ్బై దాటిన నాన్నను బాల్కన్ దేశాలకు తీసుకెళ్దామనుకుంటున్నాను. చేతిలో నాలుగైదు రోజులే ఉన్నాయి. గైడుతో వెళ్ళే టూరు మేలా, కారు అద్దెకు తీసుకుని సొంతంగా తిరగడం మేలా?"

గైడుతోనే వెళ్ళండి. కానీ వారంలో అయిదు దేశాలు చూపిస్తామనే ప్యాకేజీ జోలికి మాత్రం పోకండి. ఒక్క దేశం, ఒక్క కొండల వరుస, దాని చుట్టూ ఉన్న నాలుగు ఊళ్ళు చాలు. మిగతావి ఇంకోసారి చూసుకోవచ్చు.

నేను పన్నెండేళ్ళుగా స్టుట్‌గార్ట్‌లో ఉంటున్నాను. మాది కరీంనగర్ దగ్గర పల్లె. మా బాపు యాభై ఏళ్ళు వడ్ల పని, అంటే వడ్రంగం, చేశాడు. నాగళ్ళు, బండి చక్రాలు, దర్వాజలు, ఒకటేమిటి, ఊళ్ళో సగం ఇండ్లకు ఆయన చేతి తలుపులే. 2025 మేలో మా దగ్గరికి వచ్చినప్పుడు ఆయనకు డెబ్బై నాలుగేళ్ళు. పారిస్ చూపిస్తానంటే "నాకెందుకురా ఆ ఇనుప గోపురం" అన్నాడు. అందుకే బల్గేరియాలో నాలుగు రోజుల చిన్న టూరు బుక్ చేశాను. వ్యానులో మేము ఎనిమిది మందిమి, గైడు, డ్రైవరు. గైడు ముప్పై దాటిన అమ్మాయి, చరిత్ర చదువుకుంది. పుట్టి పెరిగింది ఆ కొండల కిందే.

బాల్కన్ అనే మాటే ఒక కొండల వరుస పేరు. తురుష్కులు పెట్టిన పేరు అది. బల్గేరియా వాళ్ళు తమ భాషలో స్తారా ప్లానినా అంటారు, అంటే పాత కొండ. సెర్బియా సరిహద్దు నుంచి నల్ల సముద్రం దాకా దాదాపు 550 కిలోమీటర్లు దేశాన్ని అడ్డంగా రెండు చేస్తూ పోతుంది. అన్నిటికంటే ఎత్తైన బోతెవ్ శిఖరం 2,376 మీటర్లు. తురుష్కుల మీద తిరగబడి 1876లో చనిపోయిన కవి హ్రిస్తో బోతెవ్ పేరు దానికి పెట్టుకున్నారు. దాదాపు అయిదు వందల ఏళ్ళ ఆటోమన్ తురుష్కుల పాలనలో బల్గేరియా వాళ్ళ భాష, మతం, చేతిపనులు దాక్కున్నది ఈ కొండల మడతల్లోనే అని గైడు మొదటి రోజే చెప్పింది. ఆ మాట పట్టుకుని చూస్తే ప్రతి ఊరూ అర్థమవుతుంది.

మొదటి రోజు కొప్రివ్‌ష్టిత్స. తురుష్కుల మీది ఆ తిరుగుబాటులో మొదటి తుపాకీ పేలిన ఊరు, 1876 పాత క్యాలెండరు లెక్కలో ఏప్రిల్ 20. నీలం, పసుపు, ఎరుపు గోడల ఇండ్లు, రాళ్ళు పరిచిన గల్లీలు. ఒక వ్యాపారి ఇంటి ముందు లెబనాన్ నుంచి తెప్పించిన చెక్క స్తంభాలున్నాయి. బాపు ఒకదాన్ని వేలి కణుపుతో కొట్టి చెవి పెట్టి విన్నాడు. "పురుగు పట్టలే" అన్నాడు. ఆయనకు ఆ రోజు అంతే చాలు.

రెండో రోజు షిప్కా కనుమ. మంచు పట్టి పది అడుగుల అవతల ఏమీ కనిపించలేదు. 1877 ఆగస్టులో రష్యా సైన్యమూ, బల్గేరియా వాలంటీర్లూ కలిసి తమకంటే ఎన్నో రెట్లున్న తురుష్క సేనను అక్కడ ఆపారు. తూటాలు అయిపోతే రాళ్ళు, మొద్దులు, చివరికి తమ తోటివాళ్ళ శవాలను కూడా కిందికి విసిరారట. కొండ మీద 1934లో తెరిచిన స్మారకం ఉంది. కింది నుంచి ఎక్కితే దాదాపు తొమ్మిది వందల మెట్లు. మీ నాన్నగారికి మోకాళ్ళ నొప్పులుంటే కంగారు పడకండి, పైదాకా వ్యాను వెళ్ళే రోడ్డు ఉంది. కొండ కింద బంగారు గుమ్మటాల చర్చి, దాని గంటలు ఆ యుద్ధంలో కాల్చిన తూటాల గొట్టాలు కరిగించి పోసినవి. గైడు చెప్పకపోతే మేము గుమ్మటాలకు ఫోటో తీసుకుని వచ్చేసేవాళ్ళం. సొంతంగా వెళ్ళినవాళ్ళకు గోడలే కనిపిస్తాయని నేను గట్టిగా అనేది ఇందుకే.

ఇక అసలు చెప్పాలనుకున్నది మూడో రోజు సంగతి. త్ర్యావ్న అని చిన్న ఊరు. చెక్క చెక్కడానికి ఆ దేశంలో పెట్టింది పేరు. అక్కడ దస్కలోవ్ అనే వ్యాపారి ఇల్లు ఇప్పుడు చెక్క పనికి మ్యూజియం. 1808లో ఆ ఇంట్లో ఒక పందెం జరిగింది. దిమితర్ ఓషనెత్స్ అనే ఉస్తాదు, ఆయన శిష్యుడు ఇవాన్ బోచుకోవెత్స్ చెరొక గది పైకప్పు తీసుకున్నారు. ఎవరి సూర్యుడు గొప్పగా వస్తాడో చూద్దామని ఆరు నెలలు చెక్కారు. ఇద్దరి సూర్యులూ ఈ రోజుకీ ఆ పైకప్పులకు అట్లాగే ఉన్నారు.

బాపు గదిలోకి వెళ్ళి తల పైకెత్తాడు. రెండు నిమిషాలకే మెడ పట్టుకుంది. గైడుతో "బిడ్డా, కింద పండుకొని చూడొచ్చునా, అడుగు" అన్నాడు. నేను ఇంగ్లీషులో చెప్పాను, ఆమె అక్కడ కుర్చీలో కూర్చున్న పెద్దావిడను బల్గేరియన్‌లో అడిగింది. ఆవిడ తల అటూ ఇటూ ఊపింది. నేను "వద్దంటున్నది బాపూ" అన్నాను. అప్పటికే ఆయన చెప్పులు విడిచి నేల మీద వెల్లకిలా పడుకున్నాడు. "సరే అన్నది గదరా, కండ్లు లేవా?" అన్నాడు. గైడు నవ్వింది. ఆ దేశంలో తల అడ్డంగా ఊపితే అవును, పైకీ కిందికీ ఊపితే కాదు. పన్నెండేళ్ళ జర్మనీ తరువాత నేను మరిచిపోయిన మన తల ఊపు మా బాపుకు అక్కడ ఒక్క క్షణంలో అర్థమైంది.

పావుగంట అట్లాగే పడుకున్నాడు. లేచి రెండో గదిలోకి వెళ్ళి మళ్ళీ పడుకున్నాడు. మా వ్యానులోని ఒక ఇటలీ జంట కూడా ఆయన పక్కన నేల మీదికి చేరింది. బాపు పైకి వేలు చూపిస్తూ చెబుతున్నాడు, నేను ఇంగ్లీషులో చెబుతున్నాను. "ఇది మెడ పైకి పెట్టి చెక్కింది కాదు. కింద పరుచుకొని, ముక్క ముక్క చెక్కి, ఎనుక గుర్తులు ఏసుకొని పైన బిగించిన్రు. నేనైతే గట్లనే చేస్త." అది నిజమో కాదో తేల్చేవాళ్ళు అక్కడ ఎవరూ లేరు. యాభై ఏళ్ళు ఉలి పట్టిన మనిషి మాట కాబట్టి నేను నమ్ముతాను.

శిష్యుణ్ణి కూడా ఆ పందెం తరువాత ఉస్తాదుగా ఒప్పుకున్నారని గైడు చెప్పింది. బాపు కాసేపు ఏమీ మాట్లాడలేదు. తరువాత, "నా దగ్గర పని నేర్చినోళ్ళు పదకొండు మంది. ఒక్కడు గూడ ఇప్పుడు ఉలి పడ్తలేడు" అన్నాడు.

తరువాత పనిముట్ల గది. అద్దాల వెనక వరుసగా పెట్టారు. ఆయన ఒక్కొక్కటి చూపించి పేరు చెప్పడం మొదలుపెట్టాడు, గైడు దాని బల్గేరియన్ పేరు చెప్పింది. బాడిశ అన్నాడు. తెస్లా అంది. సెర్బియాలోనూ అదే మాట, శాస్త్రవేత్త నికోలా టెస్లా ఇంటిపేరూ అదేనంది. ఉలి అన్నాడు, ద్లెతో అంది. చెక్క నున్నగా తీసే పనిముట్టు దగ్గరికి వచ్చాడు. "రందా" అన్నాడు. ఆ అమ్మాయి ఆగిపోయి, "మళ్ళీ చెప్పండి" అంది. రందా. "మేము రెందె అంటాం" అంది.

ఆంధ్ర వైపు దాన్ని చిత్రిక అంటారు, మా వైపు వడ్లవాళ్ళు రందా అంటారు. పారశీక మాట. నిజాం రాజ్యంలో ఉర్దూ మీదుగా మాకు వచ్చింది, ఆటోమన్ రాజ్యంలో తురుష్క భాష మీదుగా వాళ్ళకు పోయింది. ఇక ఇద్దరూ ఆగలేదు. దుకాణం అంటే వాళ్ళకు ద్యుక్యాన్. పరదా అంటే పెర్దె. సందూక అంటే సందక్. బక్షీసు అంటే బక్షిష్. గొప్ప మేస్త్రీల పేర్ల ముందు ఉస్తా అని పెడతారట, మన ఉస్తాదే. వాళ్ళ నానమ్మ ఇంటికొచ్చిన చుట్టాన్ని ముసాఫిర్ అనేదని ఆ అమ్మాయి చెప్పినప్పుడు బాపు చేతులు జోడించి "మేము గూడ ముసాఫిర్లమే బిడ్డా" అన్నాడు. ఒకరి భాష ఒకరికి రాని ఇద్దరు మనుషులు పాత పనిముట్ల ముందు నిలబడి అంతసేపు మాట్లాడుకోవడం నేను ఇంకెక్కడా చూడలేదు. కారు అద్దెకు తీసుకుని ఫోనులో దారి చూసుకుంటూ వెళ్ళి ఉంటే ఇది జరిగేదా?

ఇక్కడే నా ఫిర్యాదు కూడా చెప్పాలి. టూరు కాగితంలో త్ర్యావ్నకు ఇచ్చింది నలభై నిమిషాలు. ముందు రోజు కజన్లుక్ దగ్గర గులాబీ అత్తరు దుకాణంలో గంటంబావు ఆపారు. గులాబీల లోయ చూడాల్సిందే, కాదనను. మే, జూన్ నెలల్లో తెల్లవారుజామున పూలు కోస్తారు, కిలో నూనెకు మూడు టన్నులకు పైగా రేకులు కావాలి. కానీ మాకు తోట చూపించింది పది నిమిషాలు, బిల్లు కౌంటరు దగ్గర నిలబెట్టింది గంట. త్ర్యావ్నలో డ్రైవరు ఫోను చేస్తూనే ఉన్నాడు. గైడు తన భోజనం మానుకుని మాకు ఇంకో ముప్పావు గంట ఇచ్చింది. ఆ అమ్మాయి మంచిది కాబట్టి సరిపోయింది. అందరికీ అట్లాంటి గైడు దొరకాలని లేదు కదా.

మన దగ్గరా ఇదే తీరు. కట్టిన శిల్పి పేరుతోనే పిలుచుకునే గుడి రామప్ప. 2021లో ప్రపంచ వారసత్వ గుర్తింపు వచ్చింది. నా చిన్నప్పుడు బడి నుంచి తీసుకెళ్ళి అరగంటలో తిప్పి బస్సెక్కించారు. ఆ శిల్పి ఉలి గురించి ఒక్క ముక్క ఎవరూ చెప్పలేదు. త్ర్యావ్నలో ఆ వ్యాపారి ఇంట్లో నేల మీద పడుకున్న బాపును చూస్తూ నాకు అదే గుర్తొచ్చి కడుపు మండింది.

తిండి సంగతి అడగలేదు కానీ పెద్దవాళ్ళతో వెళ్ళేవాళ్ళకు అదే బెంగ కాబట్టి చెబుతున్నాను. దోవలో ఇండియన్ హోటలు కోసం గంటలు వెతకొద్దు. పెరుగు ఆ దేశంలో అమృతం, పెరుగు తోడుకోవడానికి కారణమైన సూక్ష్మజీవికి బుల్గారికస్ అనే పేరే ఆ దేశం మీద పెట్టారు. దోసకాయ, వెల్లుల్లి, అక్రోటు వేసి చల్లగా చేసే తరాతోర్ అచ్చం పెరుగు పచ్చడే, పోపు ఒక్కటే తక్కువ. ఎర్ర మిరప, టమాటా కలిపి చేసే ల్యుతెనిత్సను రొట్టెకు రాసుకుంటే రోటి పచ్చడి గుర్తొస్తుంది. బీన్స్ చారు ప్రతి ఊళ్ళో దొరుకుతుంది. బాపు నాలుగు రోజులూ వీటితోనే గడిపాడు. ఒక్క పూట కూడా అన్నం అడగలేదు.

మూడో రోజు సాయంత్రం చేరిన వెలికో తర్నోవో గురించి ఎంతైనా రాయొచ్చు. 1185 నుంచి 1393 దాకా బల్గేరియా రాజధాని అది. యాంత్రా నది వంపుల మీద కోట, కొండవాలుకు అతికించినట్టు ఇండ్లు. కానీ నిజం చెప్పాలంటే మా ఇద్దరి మనసూ అప్పటికీ ఆ పైకప్పుల దగ్గరే ఉండిపోయింది. కోట పైదాకా నేనొక్కణ్ణే ఎక్కాను. బాపు కింద బెంచీ మీద కూర్చుని గైడు నోట్‌బుక్కులో రందా బొమ్మ గీసి, ఏ చెక్కకు పలక ఎంత బయటికి పెట్టాలో చూపిస్తున్నాడు.

బుక్ చేసేముందు మూడు విషయాలు రాతలో తీసుకోండి: ఏ ఊళ్ళో ఎంతసేపు, దుకాణాల దగ్గర మొత్తం ఎంతసేపు, గైడు ఆ ప్రాంతం మనిషేనా కాదా. ఎనిమిది పది మందికి మించిన బస్సు వద్దు. గల్లీలన్నీ రాళ్ళు పరిచినవి, కాబట్టి నాన్నగారికి పట్టు ఉండే బూట్లు కొనండి. మే చివర్లోనూ కనుమ మీద చలి ఉంటుంది, శాలువా పెట్టుకోండి. 2025 జనవరి నుంచి బల్గేరియా పూర్తిగా షెంగెన్‌లో, అంటే ఒకే వీసాతో తిరగగలిగే యూరప్ దేశాల్లో, ఉంది కాబట్టి ఆ వీసా ఉంటే వేరే వీసా అక్కర్లేదు. 2026 జనవరి నుంచి యూరోలే నడుస్తున్నాయి, డబ్బు మార్చుకునే తిప్పలు కూడా లేవు. త్ర్యావ్నకు మాత్రం కనీసం రెండు గంటలు ఇవ్వమని ముందే అడగండి. ఇవ్వలేమంటే ఇంకో టూరు వెతుక్కోండి.