పాడె మీది శవం ఎందుకు లేచింది?

చిరంజీవికి,

నీ కథ రెండుసార్లు చదివాను. పాడె మీద శవం లేచి కూర్చునే చోట నవ్వు వచ్చిన మాట నిజమే. కానీ నిలవలేదు. అంతకుముందే 'ఘోరం', 'దారుణం' అంటూ ఐదుసార్లు చాటింపు వేశావు. శవం లేవగానే మోసేవాళ్లందరినీ పరుగెత్తించావు.

1900లో ఇంగ్లండ్‌లో సెసిల్ హెప్‌వర్త్ తీసిన 'ఎక్స్‌ప్లోజన్ ఆఫ్ ఎ మోటార్ కార్' అనే చిన్న సినిమా చూడు. రెండు నిమిషాలు కూడా ఉండదు. కారు వస్తుంది, పేలిపోతుంది. పోలీసు వచ్చి ఆకాశంలోకి చూస్తాడు. పైన ఏమీ లేదు. కాసేపటికి కాళ్లూ చేతులూ రాలడం మొదలవుతుంది. అతను గుండెలు బాదుకోడు. ఏ ముక్క ఎవరిదో సర్దే పనిలో పడతాడు, పెళ్లి తర్వాత అద్దె సామాను లెక్క చూసుకునేవాడిలా. పేలుడు కన్నా నాకు ఆ కాసేపటి ఖాళీ, ఆ పోలీసు శ్రద్ధ ఎక్కువ ఇష్టం.

ఇక కెమెరా ఆపి మనిషిని మాయం చేసే కిటుకంటావా, అది అంతకుముందే ఉంది. 1895లో ఎడిసన్ కంపెనీ స్కాట్లండ్ రాణి మేరీ శిరచ్ఛేదాన్ని తీసింది. గొడ్డలి ఎత్తగానే కెమెరా ఆపి, రాణి వేషంలో ఉన్న నటుడి స్థానంలో బొమ్మను పెట్టి, మళ్లీ తిప్పారు. ఆ మధ్యలో చుట్టూ ఉన్నవాళ్లు ఎక్కడివాళ్లు అక్కడే బిగుసుకుని నిలబడాలి. ఒక్కరు కదిలినా అతుకు కనబడిపోతుంది. నీ కథలో అలా కదిలింది నువ్వే. ఆ ఐదు మాటలూ కొట్టేయి.

జి.ఎ. స్మిత్ 1903లో తీసిన 'మేరీ జేన్స్ మిస్‌హాప్' కూడా చూడు. పనిమనిషి పొయ్యి రాజేయడానికి కిరసనాయిలు పోసి, పొగగొట్టంలోంచి ఎగిరిపోయి ముక్కలవుతుంది. పనిమనిషిగా వేసింది స్మిత్ భార్య లారా బేలీ. మధ్యమధ్య మనవైపు తిరిగి కన్ను కూడా గీటుతుంది, గడుసుది! సరే, చచ్చాక దయ్యమై సమాధిలోంచి లేస్తుంది. దేనికనుకున్నావు? పగ తీర్చుకోవడానికి కాదు, తన కిరసనాయిలు డబ్బా కోసం.

నీ శవం దేనికోసం లేచిందో కథంతా వెతికినా దొరకలేదు. చుట్ట కోసమా, చెప్పుల కోసమా, రావలసిన బాకీ కోసమా? అది తేల్చు. మోసేవాళ్లలో ఒక్కడినైనా పారిపోనివ్వకు. వాడు అక్కడే నిలబడి, కట్టెలకు ఇచ్చిన బయానా తిరిగి వస్తుందా అని అడగాలి.

తిరగరాసి పంపు.

ఆశీస్సులతో,
మీ మాస్టారు